ప్రమాదానికి ముందు వకీలు ఎక్కడ?

గుంటూరు చుట్టుపక్కల పత్తి సీజన్ మొదలైతే, పత్తి నుంచి గింజలు వేరుచేసే జిన్నింగ్ మిల్లులకు రాత్రీ పగలూ తేడా ఉండదు. ఒక లారీ లోడు దిగేలోపు ఇంకోటి గేటు ముందు నిలబడి ఉంటుంది. ఆ హడావిడిలోనే బెల్టులో చీర కొంగు చిక్కుకోవడం, రోలర్ల మధ్య చెయ్యి నలిగిపోవడం, ప్రెస్ దగ్గర వేళ్లు తెగిపోవడం జరుగుతాయి. ఆ తర్వాత ఎవరెవరు వస్తారో మిల్లుల్లో పనిచేసే వాళ్లందరికీ తెలుసు. ముందు మేస్త్రీ వస్తాడు. తర్వాత ఓనరు తరపు మనిషి, ఆ తర్వాత పోలీసులు, ఫ్యాక్టరీల ఇన్‌స్పెక్టరు. అందరికంటే ఆఖరున వకీలు. ఆయన వచ్చేసరికి యంత్రం మీంచి తీసేసిన గార్డు, అంటే రక్షణ తొడుగు, మళ్లీ బిగించి ఉంటుంది, నేల కడిగి ఉంటుంది.

కార్మికుల భద్రతతో మన న్యాయవాదులకు ఉన్న సంబంధం చాలావరకు ఇంతే. ప్రమాదం జరిగాక నష్టపరిహారం కేసు వేయడమో, దాన్ని ఎదుర్కోవడమో. నల్లకోటు పక్కన పెట్టి ప్రభుత్వ శాఖలో చేరి, ప్రమాదం జరగకముందే చట్టాన్ని పనిచేయించే వైపు వెళ్లినవాళ్లు తక్కువ. వాళ్ల అవసరం ఎంత ఉందో తెలియాలంటే కోర్టులో ఫ్యాక్టరీ కేసు ఎలా వీగిపోతుందో చూడాలి.

తనిఖీకి వెళ్లిన అధికారి "జిన్ను బెల్టుకు గార్డు లేదు" అని రిపోర్టులో రాశారనుకుందాం. చదవడానికి అంతా చెప్పినట్టే ఉంటుంది. కానీ 2025 నవంబరు దాకా అమల్లో ఉన్న 1948 ఫ్యాక్టరీల చట్టం 21వ సెక్షన్ మాటలు వేరు. ప్రమాదకరమైన భాగాలకు గట్టి రక్షణ ఉండాలి, ఆ భాగాలు కదులుతున్నంత సేపూ, వాడుతున్నంత సేపూ ఆ రక్షణ దాని చోటులోనే ఉండాలి అనేది. అంటే యంత్రం నడుస్తుండగా గార్డు లేకపోవడం నేరం. ఆగి ఉన్న యంత్రానికి గార్డు విప్పి ఉంటే ఈ సెక్షన్ కింద కేసు నిలబెట్టడం కష్టమయ్యేది. యజమాని తరపు వకీలు అడిగే మొదటి ప్రశ్న ఇదే: "మీరు వెళ్లినప్పుడు మిషను నడుస్తోందా?" రిపోర్టులో ఆ మాట ఉండదు. "మిల్లులో అన్ని జిన్నులున్నాయి కదా, ఏ జిన్ను?" అదీ ఉండదు. "గ్రీజు పెట్టడానికి అప్పుడే గార్డు విప్పారు, మిషను ఆపే ఉంది" అని ఫోర్‌మన్ సాక్ష్యం చెప్తాడు. అక్కడితో కేసు అయిపోతుంది.

అదే చోటికి కోర్టులో పదేళ్లు వాదించిన మనిషి వెళ్తే రాసే తీరు మారుతుంది. గేటు వైపు నుంచి ఐదో జిన్ను. మోటారు పుల్లీ నుంచి షాఫ్టుకు వెళ్లే బెల్టు, నేల నుంచి మోకాలి ఎత్తులో ఉంది. ఉదయం 11 గంటల 20 నిమిషాలకు మిషను నడుస్తోంది. పత్తి అందిస్తున్న మనిషికీ బెల్టుకీ మధ్య రెండడుగులు. గార్డు వెనక గోడకు ఆనించి ఉంది, దాని బోల్టు రంధ్రాలు తుప్పు పట్టి దుమ్ముతో పూడిపోయి ఉన్నాయి. ఈ చివరి ముక్కే కేసుకు ప్రాణం. రంధ్రాల్లో దుమ్ము గట్టిపడి ఉందంటే ఆ గార్డు విప్పి చాలా రోజులైందని అర్థం. "ఇప్పుడే విప్పాం" అనే మాట ఇక చెల్లదు. ఎదుటి వకీలు ఏం అడగబోతున్నాడో ముందే తెలిసినవాడి కంటికే ఆ తుప్పు కనబడుతుంది.

కేసు వేయడంలోనూ ఇలాంటి గుంటలే ఉన్నాయి. ఫ్యాక్టరీల చట్టం 105వ సెక్షన్ ప్రకారం ఇన్‌స్పెక్టరు ఫిర్యాదు చేస్తేనే, లేదా ఆయన రాతపూర్వకంగా అనుమతి ఇస్తేనే కోర్టు కేసు తీసుకునేది. చెయ్యి పోగొట్టుకున్న కార్మికుడు నేరుగా వెళ్లి ఈ చట్టం కింద కేసు పెట్టలేకపోయేవాడు. 106వ సెక్షన్ ఇంకో గడువు పెట్టింది. నేరం సంగతి ఇన్‌స్పెక్టరుకు తెలిసిన రోజు నుంచి మూడు నెలల్లోపు ఫిర్యాదు కోర్టుకు చేరాల్సి ఉండేది. షోకాజ్ నోటీసు ఇవ్వడం, మిల్లు జవాబు కోసం ఎదురుచూడటం, ఆ జవాబు మీద పైఅధికారి అభిప్రాయం అడగడం, ఫైలు తిరిగి రావడం... మూడు నెలలు ఇట్టే గడిచిపోయేవి. తొంభై ఐదో రోజున ఎంత బలమైన సాక్ష్యం చేతిలో ఉన్నా లాభం ఉండేది కాదు. ప్రమాదం కబురు అందిన రోజే గోడ మీద క్యాలెండర్‌లో ఆఖరి తేదీకి సున్నా చుట్టే అలవాటు కోర్టు పక్షుల్లో ఉంటుంది. శాఖల్లో ఆ అలవాటు రావడానికి ఒకటి రెండు కేసులు చేజారాలి.

ఇది ఇన్‌స్పెక్టర్లను తప్పు పట్టడం కాదు. మన రాష్ట్రంలో ఆ ఉద్యోగానికి ఇంజినీరింగ్ డిగ్రీ కావాలి, కావాల్సిందే. బాయిలర్ ఒత్తిడి, రసాయనాల మంట స్వభావం, క్రేన్ బరువు మోసే శక్తి చట్టం పుస్తకాల్లో దొరకవు. చిక్కంతా ఏమిటంటే, ఇంజినీరు యంత్రంలో చూసిన లోపం కోర్టులో నేరంగా రుజువు కావాలంటే ఇంకో రకం తర్ఫీదు కావాలి. ఆ తర్ఫీదు ఉన్నవాళ్లు శాఖకు బయట, ఎక్కువగా ఎదుటి పక్షాన ఉన్నారు.

ఎదుటి పక్షం కూడా చిన్నది కాదు. ప్రమాదానికి బాధ్యుడు ఎవరు అనే ఒక్క ప్రశ్న మీద ఏళ్ల తరబడి వాదనలు నడిచాయి. కంపెనీ అయితే ఎవరో ఒక మేనేజరు పేరు కాగితం మీద పెట్టి డైరెక్టర్లు తప్పుకునేవాళ్లు. 1984 డిసెంబరులో భోపాల్ గ్యాస్ దుర్ఘటన జరిగాక 1987లో చట్టాన్ని సవరించి, కంపెనీ విషయంలో డైరెక్టర్లలో ఒకరే ఆక్యుపయర్, అంటే ఫ్యాక్టరీకి చట్టప్రకారం బాధ్యుడు, అని తేల్చారు. భాగస్వామ్య సంస్థ అయితే భాగస్వాముల్లో ఒకరు. జె.కె. ఇండస్ట్రీస్ కేసులో 1996లో సుప్రీంకోర్టు ఈ సవరణను సమర్థించింది. అదే సవరణతో వచ్చిన 104ఎ సెక్షన్ రుజువు భారాన్ని తిప్పి పెట్టింది. "ఇంతకంటే రక్షణ కల్పించడం సాధ్యం కాదు" అని యజమాని అంటే, ఆ మాట ఆయనే నిరూపించుకోవాలి. ప్రమాదం జరగకముందే వకీలు బుర్ర పెట్టి రాస్తే వాక్యం ఎలా ఉంటుందో దీన్ని చూస్తే తెలుస్తుంది. కాకపోతే దీనికి వేలమంది ప్రాణాలు పోవాల్సి వచ్చింది. ఆ దుర్ఘటన మీద క్రిమినల్ కేసులో భోపాల్ కోర్టు తీర్పు వచ్చింది 2010 జూన్‌లో, అంటే పాతికేళ్ల తర్వాత. పడిన శిక్ష రెండేళ్లు.

వకీలు ప్రభుత్వంలోకి వచ్చి పని చోట భద్రతను చేతిలోకి తీసుకుంటే ఏం జరుగుతుందో చూపించే పెద్ద ఉదాహరణ విజయవాడ నడిబొడ్డునే ఉంది. 2024 జనవరి 19న స్వరాజ్ మైదానంలో 125 అడుగుల అంబేడ్కర్ విగ్రహాన్ని ఆవిష్కరించారు. అక్కడికి వచ్చినవాళ్లు రాజ్యాంగం గురించి మాట్లాడుకుంటారు. 1942 నుంచి 1946 దాకా ఆయన వైస్రాయ్ కార్యనిర్వాహక మండలిలో కార్మిక శాఖ చూసిన సంగతి అంతగా మాటల్లోకి రాదు. లండన్‌లో బారిస్టరై, 1923 నుంచి బొంబాయి హైకోర్టులో ప్రాక్టీసు చేసిన మనిషి ఆయన. 1938లో పారిశ్రామిక వివాదాల బిల్లుకు వ్యతిరేకంగా బొంబాయిలో కార్మికుల సమ్మెకు ముందు నిలబడ్డాడు. నాలుగేళ్లు తిరిగేసరికి అలాంటి చట్టాలు రాసే కుర్చీలో కూర్చున్నాడు.

ఆ నాలుగేళ్లలో ఆయన చేసిన పనుల వరస గమనించదగ్గది. 1943 డిసెంబరులో ధన్‌బాద్ ప్రాంతపు బొగ్గు గనులకు వెళ్లి, పైన ఆఫీసులో లెక్కలు విని తిరిగి రాకుండా గని లోపలికి దిగి చూశాడు. రెండు నెలలు తిరగకముందే, 1944 జనవరి 31న, బొగ్గు గని కార్మికుల సంక్షేమ నిధి ఆర్డినెన్స్ వచ్చింది. అదే ఏడాది డి.వి. రేగే అధ్యక్షతన కార్మిక పరిశోధన కమిటీ వేశారు. ఏ పరిశ్రమలో ఎంతమంది, ఎన్ని గంటలు, ఎలాంటి పరిస్థితుల్లో పనిచేస్తున్నారో ఆ కమిటీ తిరిగి లెక్క తేల్చింది. 1945లో ఫ్యాక్టరీల ముఖ్య సలహాదారు కార్యాలయం ఏర్పడింది, ఫ్యాక్టరీల భద్రత మీద కేంద్రానికి సాంకేతిక సలహా ఇచ్చే ఇప్పటి డైరెక్టరేట్‌కు అదే మొదలు. వెళ్లి చూడటం, లెక్క తీయడం, ఆ పని చేసే ఆఫీసును నిలబెట్టడం, ఆఖరున చట్టం. కేసు తయారు చేసుకునే వకీలు నడిచే దారి కూడా దాదాపు ఇదే. సాక్ష్యం లేకుండా వాదనకు దిగడు.

అన్నీ ఒప్పులే జరిగాయని కాదు. యుద్ధకాలంలో బొగ్గు కొరత పేరుతో 1943లో ఆడవాళ్లను భూగర్భ గనుల్లో పనికి మళ్లీ అనుమతించారు, ఆ నిర్ణయాన్ని శాసనసభలో ఆయనే సమర్థించాల్సి వచ్చింది. 1946 ఫిబ్రవరిలో గానీ నిషేధం తిరిగి రాలేదు. కోర్టులో వకీలు ఒక్క పక్షం కోసం మాట్లాడితే చాలు. ప్రభుత్వంలో కూర్చున్నాక, తాను తీసుకోని నిర్ణయానికి కూడా జవాబు చెప్పాలి. ఈ మార్పు ఎవరికీ సుళువుగా మింగుడుపడదు.

గుంటూరుకు నేరుగా తగిలే భాగం 1946 ఏప్రిల్ నాటి ఫ్యాక్టరీల సవరణ చట్టంలో ఉంది. అంతకుముందున్న 1934 చట్టం ఫ్యాక్టరీలను రెండు రకాలుగా విడదీసింది. ఏడాది పొడుగునా నడిచేవాటికి వారానికి 54 గంటలు, సీజన్ ఫ్యాక్టరీలకు 60 గంటలు. సీజన్ జాబితాలో పత్తి జిన్నింగు, వేరుశనగ కాయ కొట్టడం పేర్లు పెట్టి మరీ ఉన్నాయి. రెండూ మన పనులే. 1946 సవరణ వాటిని 48కి, 50కి దించింది. 1948 చట్టం ఆ తేడాను పూర్తిగా తీసేసి జిన్నింగ్ మిల్లు కార్మికుణ్ణి కూడా 48 గంటల్లోకి తెచ్చింది. పని గంటలకూ తెగిన వేళ్లకూ సంబంధం ఏమిటని అడిగేవాళ్లు రాత్రి షిఫ్టు ఆఖరి గంటలో జిన్ను దగ్గర నిలబడి చూడాలి. నిద్ర కమ్ముతున్న చెయ్యి రోలరుకు ఎంత దగ్గరగా వెళ్తుందో అప్పుడు అర్థమవుతుంది. 2025 జూన్‌లో మన రాష్ట్ర మంత్రివర్గం రోజువారీ గరిష్ఠ పనిని 9 నుంచి 10 గంటలకు పెంచడానికి ఆమోదం తెలిపినప్పుడు, వారానికి 48 అన్న గీతను కదపలేదు. ఎనభై ఏళ్ల కింద గీసిన గీత అది.

ఇప్పుడు విజయవాడలోనో గుంటూరులోనో లా చదివి, కొన్నేళ్లు కోర్టుల చుట్టూ తిరిగిన యువ న్యాయవాది ఈ వైపు రావాలనుకుంటే దారేది? ఫ్యాక్టరీల శాఖ తలుపు ఇంజినీర్లకే. ఉన్న దారి కార్మిక శాఖది. గ్రూప్-2 ద్వారా అసిస్టెంట్ లేబర్ ఆఫీసరుగా చేరడం, అక్కడి నుంచి మెట్టు మెట్టు ఎక్కి సహాయ కమిషనరు, డిప్యూటీ కమిషనరు కావడం. చేరేముందు ప్రాక్టీసు నిలిపివేయాలి, పూర్తికాలం జీతం తీసుకునే ఉద్యోగం చేస్తూ న్యాయవాదిగా కొనసాగడానికి బార్ కౌన్సిల్ నియమాలు ఒప్పుకోవు. కూడబెట్టుకున్న క్లయింట్లను వదులుకుని, తనకంటే చిన్నవాళ్లతో కలిసి పోటీ పరీక్ష రాయడం అంటే ఇంట్లో ఎంత టెన్షనో వేరే చెప్పక్కర్లేదు.

అయినా ఆ కుర్చీలో న్యాయవాది అనుభవం ఎంత పనికొస్తుందో నష్టపరిహారం కేసుల్లో కనిపిస్తుంది. 2025 నవంబరులో సామాజిక భద్రత కోడ్ వచ్చేదాకా అమల్లో ఉన్న 1923 కార్మికుల నష్టపరిహారం చట్టం 20వ సెక్షన్, కమిషనరుగా ఎవరిని నియమించవచ్చో చెప్పేటప్పుడు ఐదేళ్లు న్యాయవాదిగా చేసినవాళ్లను కూడా చేర్చింది. అంటే చట్టం తలుపు తెరిచే పెట్టింది. మన దగ్గర ఆ అధికారం కార్మిక శాఖ అధికారులకే అప్పగిస్తూ వచ్చారు, కాబట్టి ఆ తలుపు గుండా నేరుగా లోపలికి వెళ్లే న్యాయవాదులు కనబడరు.

ఆ చట్టంలో కార్మిక కుటుంబాలు తప్పకుండా తెలుసుకోవాల్సిన సెక్షన్ ఒకటి ఉండేది, ఎనిమిదోది; దాని మాటే ఇప్పటి కోడ్‌లోనూ ఉంది. కార్మికుడు చనిపోతే పరిహారం సొమ్మును యజమాని కమిషనరు దగ్గరే జమ చేయాలి. ముందస్తుగా కొంత, అదీ మూడు నెలల జీతం దాకా, నేరుగా ఇవ్వొచ్చు. అంతకుమించి కుటుంబం చేతిలో పెట్టిన డబ్బు చట్టం దృష్టిలో పరిహారమే కాదు. ఆస్పత్రి మార్చురీ బయట పెద్దమనుషుల మధ్య రెండు లక్షలకో మూడు లక్షలకో తెల్లకాగితం మీద వేలిముద్ర వేయించుకునే రాజీ ఎంత చెల్లుతుందో ఈ ఒక్క సెక్షన్ చెప్తుంది. అసలు లెక్క ఎంత ఉంటుందో చూడండి. నెలకు 15 వేలు జీతమున్న ముప్పై ఏళ్ల మనిషి చనిపోతే, జీతంలో సగం 7,500ను ఆ వయసుకు పట్టికలో ఉన్న 207.98తో హెచ్చవేయాలి. 15,59,850 రూపాయలు. నెలలోగా కట్టకపోతే 12 శాతం వడ్డీ, సరైన కారణం లేకుండా ఆలస్యం చేస్తే సగం దాకా జరిమానా కూడా. ఈఎస్ఐ ఉన్నచోట ఈ లెక్క రాదు, అక్కడ కుటుంబానికి నెలనెలా పింఛను వస్తుంది. ఈఎస్ఐ లేని మిల్లుల్లో, షెడ్లలో మాత్రం 15 లక్షలకూ మూడు లక్షలకూ మధ్య తేడా ఆ కుటుంబానికి ఎవరూ చెప్పకపోవడం వల్ల పోతుంది. ఆ నియమం తెలిసిన అధికారి మార్చురీ దగ్గరికే ఒక మనిషిని పంపగలడు.

కానీ ఇదంతా ప్రమాదం తర్వాతి కథే. విజయవాడ ఆటోనగర్‌లో ఈ తేడా కొట్టొచ్చినట్టు కనిపిస్తుంది. లారీ బాడీ కట్టే షెడ్లు, లేత్ మిషన్లు, గ్యాస్ కటింగ్, రేడియేటర్ పనులు. చాలా షెడ్లలో పనిచేసేది ఐదారుగురే. పాత ఫ్యాక్టరీల చట్టంలో కరెంటు వాడే చోట పదిమంది ఉంటే ఫ్యాక్టరీ. దాని స్థానంలో 2025 నవంబరు 21 నుంచి అమల్లోకి వచ్చిన వృత్తి భద్రత కోడ్‌లో ఆ సంఖ్య ఇరవై అయింది, కరెంటు లేని చోట ఇరవై కాస్తా నలభై. నష్టపరిహారానికి చాలా పనుల్లో ఈ తలల లెక్క అడ్డు రాదు. కాబట్టి ఆరుగురు పనిచేసే షెడ్డులో పాత డీజిల్ ట్యాంకును గ్యాస్‌తో కోస్తుండగా పేలితే, చనిపోయిన కుర్రాడి తల్లి పరిహారం కోసం కేసు వేసుకోవచ్చు. ఆ ట్యాంకును నీళ్లతో నింపి, లోపలి ఆవిరి పోయిందో లేదో చూశాక గానీ కోయకూడదని చెప్పడానికి మాత్రం ఆ షెడ్డు గడప తొక్కాల్సిన ఫ్యాక్టరీ అధికారి ఉండడు. పోయాక లెక్క కట్టే చట్టం అక్కడికి చేరుతుంది, పోకుండా చూసే చట్టం చేరదు. కొత్త కోడ్‌లో ఇది పెద్ద లోటు.

అదే కోడ్‌లో మెచ్చుకోవాల్సినవీ ఉన్నాయి. నిబంధన ఉల్లంఘన వల్ల కార్మికుడు చనిపోతే పాత చట్టంలో కనీస జరిమానా 25 వేలే. ఇప్పుడది కనీసం 5 లక్షలు, రెండేళ్ల దాకా జైలు అలాగే ఉంది. జరిమానాలో సగానికి తగ్గకుండా బాధిత కుటుంబానికి ఇమ్మని కోర్టు ఆదేశించవచ్చు. ఇన్‌స్పెక్టరు పేరు ఇన్‌స్పెక్టర్-కమ్-ఫెసిలిటేటర్ అయింది, సలహా ఇవ్వడం కూడా ఆయన పనే అయింది. ఉదయం సలహా ఇచ్చిన మనిషే సాయంత్రం కేసు పెట్టాలంటే, ఇచ్చిన ప్రతి సలహా రాతలో ఉండాలి. లేకపోతే "మీరే కదా సార్ పర్లేదన్నారు" అని యజమాని కోర్టులో అంటాడు. ఆ మాటకు జవాబు ఉండదు.

న్యాయవాదులు వచ్చి చేరినంత మాత్రాన అన్నీ సర్దుకుంటాయని అనుకోకూడదు. కాగితం చక్కగా ఉంటే చాలు, లోపల మిషను ఎలా ఉన్నా పర్లేదనే జబ్బు వకీళ్లకు తొందరగా పడుతుంది. రిజిస్టర్లన్నీ నిండుగా ఉన్న మిల్లులో కూడా చేతులు పోతాయి. అందుకే ఇంజినీరూ న్యాయవాదీ ఒకే జీపులో వెళ్లే ఏర్పాటు కావాలి. ఒకరు బేరింగ్ వేడిని చూస్తే ఇంకొకరు బోల్టు తుప్పును చూస్తారు.

ఇంకో పని మిగిలి ఉంది, దానికి జీపు కూడా అక్కర్లేదు. 1948 చట్టంలో యంత్రానికి గార్డు ఎలా ఉండాలి, నడుస్తున్న యంత్రం దగ్గరికి ఎవరు వెళ్లాలి అన్నవి చట్టం సెక్షన్లలోనే రాసి ఉండేవి. పత్తి ప్రెస్సుల్లో కాటన్ ఓపెనర్ (పత్తిని విడదీసే యంత్రం) ఉన్న భాగంలో ఆడవాళ్లను పెట్టకూడదని, పెట్టాలంటే పత్తి వేసే వైపుకూ దూది వచ్చే వైపుకూ మధ్య పైకప్పు దాకా, లేదా ఇన్‌స్పెక్టరు రాసిచ్చిన ఎత్తు దాకా అడ్డుగోడ ఉండాలని 27వ సెక్షన్ చెప్పేది. అప్పుడు కూడా వాళ్లు పత్తి వేసే వైపే పనిచేయాలి. కొత్త కోడ్‌లో ఇలాంటి వివరాల్లో చాలావాటిని ప్రభుత్వాలు ప్రకటించే ప్రమాణాలకు, నియమాలకు వదిలేశారు. ఆ నియమాల ముసాయిదా మీద అభ్యంతరాలు పంపే గడువు గెజిట్ ప్రకటనలోనే ఉంటుంది. విజయవాడ, గుంటూరు బార్ అసోసియేషన్లలో నష్టపరిహారం కేసులు చూసేవాళ్లు ఆ గడువులోపు ముసాయిదా తెప్పించుకుని, గార్డు గురించిన వాక్యంలో "కదులుతున్నంత సేపూ" అన్న మాట ఉందో లేదో, అడ్డుగోడ ఎత్తు రాసి ఉందో లేదో చూడాలి. లేకపోతే రాసి పంపాలి.